దుడ్డుకఱ్ఱ ఎవరి చేతినుండి?

(శతవార్షికోత్సవ సభలో చేసిన ప్రసంగ పాఠము)



సంఘమును రాజ్యాధికారమును గూర్చి మాటలాడుమని పెద్దలు మమ్మును కోరిరి. మేము తొమ్మిది వందల సంవత్సరముల క్రిందటి ఇంగ్లండు దేశపు సంగతి చెప్పదలచితిమి. అంత దూరము పోవుట ఎందుకని మీరు అడుగవచ్చును. మన బిషప్పుగారి చేతిలోని దుడ్డుకఱ్ఱను చూడుడి. దానిని ఇచ్చు అధికారము ఎవరిదని ఆ దేశములో గొప్ప వివాదము జరిగినది. ఆ సంఘపు ఆచారములు కొన్ని మనకును సంక్రమించినవి.

597లో అగస్టీను కెంటు రాజ్యమునకు వచ్చి ఎతెల్‌బెర్టు రాజునకు సువార్త ప్రకటించెను. నాటి నుండి ఆంగ్లోశాక్సను రాజులు, ప్రభువులు, బిషప్పులు ఒకే సభలో కూర్చుండిరి. జిల్లా న్యాయసభలో సయితము బిషప్పు ప్రభువు ప్రక్కనే కూర్చుండి తీర్పు చెప్పుచుండెను. ఇందువలన మేలును కలిగెను, కీడును కలిగెను. రాజు బలము సంఘమునకు నీడయయ్యెను. ఆ నీడకు సంఘము వెల చెల్లింపవలసి వచ్చెను.

1066లో నార్మండీ ప్రభువైన విలియము హేస్టింగ్సు యుద్ధములో గెలిచి రాజాయెను. కొలదికాలములోనే ఆంగ్ల బిషప్పుల స్థానములలో నార్మనులు కూర్చుండిరి. 1070లో లాన్‌ఫ్రాంకు కాంటర్‌బరీ ఆర్చిబిషప్పాయెను. సంఘ న్యాయసభలను లోక న్యాయసభలనుండి వేరుచేసినవాడు ఈ విలియమే. పాతవారిలో తుదకు మిగిలినవాడు ఊస్టరు బిషప్పైన వుల్ఫ్‌స్టను. ఆ కాలమున బ్రిస్టలు రేవులో మనుష్యులను కొని ఐర్లండుకు అమ్ముచుండిరి. ఈ వృద్ధుడు అక్కడికి మాటిమాటికి పోయి, ఆ వ్యాపారము మానువరకు ప్రకటించెను. ఆయన 1095లో మరణించెను.

విలియము కుమారుడైన విలియం రూఫసు 1087లో రాజాయెను. 1089లో లాన్‌ఫ్రాంకు మరణింపగా, రాజు నాలుగేండ్లు ఆ స్థానమును ఖాళీగా ఉంచెను. కారణమేమనగా, కాపరి లేని పీఠముయొక్క రాబడి రాజు బొక్కసమునకు చేరును. 1093లో రాజు గ్లాస్టరులో జబ్బుపడి, చావు భయముచేత పశ్చాత్తాపపడి, బెక్ మఠాధిపతియైన అన్సెల్మును ఆర్చిబిషప్పుగా నియమించెను. అన్సెల్ము ఒప్పుకొనలేదు. బిషప్పులు ఆయనను రాజు మంచమునొద్దకు ఈడ్చుకొనిపోయి, ఆయన పిడికిలి తెరువనందున, మూసిన పిడికిలికే దుడ్డుకఱ్ఱను ఆనించి పట్టిరి. లొంగని కోడెతో ముసలి గొఱ్ఱెను ఒకే నాగలికి కట్టుచున్నారని ఆయన వారితో అనెను.

ఆ మాట నిజమాయెను. రాజునకు జబ్బు నయమాయెను, పశ్చాత్తాపమును పోయెను. యుద్ధఖర్చులకు అన్సెల్ము 500 పౌనులు ఇయ్యజూపగా రాజు చాలదని త్రోసివేసెను. ఆయన మరల బ్రతిమాలక ఆ సొమ్మును బీదలకు పంచిపెట్టెను. 1095లో రాకింగ్‌హాములో సభ కూడినది. రాజు సెలవు లేకుండ అర్బను పోపును అంగీకరించినందుకు రాజు ఆయనను అణచదలచెను. ప్రియులారా, ఇచ్చట గమనించుడి. తోటి బిషప్పులు రాజు పక్షము చేరిరి. తమ ఆర్చిబిషప్పును విడువజాలమని చెప్పినవారు లోకస్థులైన ప్రభువులు! గుంపులోనుండి ఒక సామాన్య సైనికుడు వచ్చి, ఆయన ముందర మోకరించి, యోబును జ్ఞాపకము చేసి ధైర్యము చెప్పెను.

1097లో అన్సెల్ము దేశము విడిచెను. 1100 ఆగస్టు 2న రూఫసు వేటలో బాణము తగిలి చనిపోయెను. ఆ దినమున కాంటర్‌బరీ, వించెస్టరు, సాలిస్‌బరీ పీఠములును పదునొకండు మఠములును అతని చేతిలోనే ఉండెను. తరువాతి రాజైన హెన్రీ, సంఘపు ఆస్తిని అమ్మననియు గుత్తకియ్యననియు పట్టాభిషేకదినమున వ్రాసియిచ్చి, అన్సెల్మును పిలిపించెను. 1102లో వెస్ట్‌మినిస్టరు సభలో మనుష్యులను పశువులవలె అమ్మరాదని సంఘము తీర్మానించెను. కాని ఉంగరమును దుడ్డుకఱ్ఱను రాజు ఇయ్యరాదని అన్సెల్ము పట్టుబట్టగా 1103లో మరల దేశభ్రష్టత్వమే కలిగెను. కాపరి లేని ఆ దినములలో హెన్రీ పెండ్లియైన గురువులయొద్ద జరిమానాలు వసూలు చేసెను. మనము పట్టిన పట్టుకు వెల మనమే గాక మంద కూడ చెల్లించునని మేము ఇందువలన నేర్చుకొంటిమి.

1107లో రాజీ కుదిరెను. ఉంగరమును దుడ్డుకఱ్ఱను ఇచ్చుట రాజు మానుకొనెను. భూములకొరకు బిషప్పులు రాజునకు ప్రమాణము చేయుదురు. బిషప్పుల ఎన్నికలో రాజు మాట అటుపిమ్మటను సాగెను. కాబట్టి అన్సెల్ము పూర్తిగా గెలిచెనని చెప్పజాలము. అయినను, కాపరి పని రాజు ఇచ్చు ఉద్యోగము కాదని ఆ దేశము ఒప్పుకొనెను. రెండేండ్లకు, 1109లో, ఆయన ప్రభువునందు నిద్రించెను.

మన దేశములో 1912 డిసెంబరు 29న కలకత్తాలో అజరయ్యగారు దోర్నకల్ బిషప్పుగా అభిషేకము పొందిన నాటికి, ఇక్కడి ఆంగ్లికను సంఘము ఇంగ్లండు సంఘమునకును ప్రభుత్వమునకును కట్టుబడియుండెను. 1930లో ఆ కట్టు వీడెను. 1947లో దక్షిణ ఇండియా సంఘము ఏర్పడెను. నేడు మనకు రాజు లేడు.

కాని దుడ్డుకఱ్ఱను పట్టి త్రిప్పు చేతులు లేవా? మాదొక ఒప్పుకోలు. మేము ఒక గ్రామమున ఉండగా ఒక ఆసామి గుడికి పైకప్పు వేయించెను. ఆ కోతకాలమున కూలి రేట్లనుగూర్చి ప్రసంగింపవద్దని మెల్లగా సెలవిచ్చెను. మేము మౌనము వహించితిమి. కూలికి పోవు ఒక తల్లి ఆరాధన పిమ్మట, "అయ్యగారూ, ఈ ఏడు మా సంగతి ప్రార్థనలో కూడ రాలేదేమండీ?" అని అడిగినది. మేము జవాబు చెప్పలేకపోతిమి. అన్సెల్ము సొమ్ము బీదలకు చేరెను. మేము మాత్రము బీదల మాటను అమ్మి రేకులు కొంటిమి.

ఎన్నికల ముఠాలు, కోర్టు వ్యాజ్యములు, దాతల షరతులు ఇవియే నేటి రాజహస్తములు. తోటి గురువులారా, రాకింగ్‌హాములో వెనుదీసినవారు మనవంటివారే. నిలిచినవారు బల్లలమీద కూర్చున్న మీవంటివారు, సంఘస్థులారా! మీ కాపరి సత్యము పలికిన దినమున ఆ సైనికునివలె ముందుకు రండి. అతడు మౌనముగా ఉన్న దినమున ఆ తల్లివలె అడుగుడి.

గొప్ప కాపరియైన ప్రభువు రాబోవు నూరేండ్లును తన మందను కాయును గాక. ఆమేన్.