పల్లె పలుకు – చలనచిత్రము



మన సీమ తెలుగునకు పురాతనస్థానము. జమ్మలమడుగు ప్రాంతమున, ఎఱ్ఱగుంట్లకు సమీపముననున్న కలమల్ల గ్రామమందలి రేనాటి చోళుల శాసనము క్రీ. శ. 575 ప్రాంతమునాటిది. తెలుగు శాసనములలో మొదటిదిగా పండితులు దానిని పేర్కొందురు. ఆ శిలవలన నాటి అక్షరములు మనకు దక్కినవి. నాటివారి ఉచ్చారణ దక్కలేదు. బ్రౌనుదొర కడపలో పండితులకు జీతములిచ్చి తాళపత్రప్రతులను సరిచూపించెను. 1829లో వేమన పద్యములను అచ్చువేయించెను. పద్యము నిలిచినది, పాడినవాని కంఠము నిలువలేదు. కంఠమును, అభినయమును, చేతిపనిని కూడ నిలుపగల సాధనము చలనచిత్రము.

ఫ్రాన్సు దేశపు పడమటితీరమున బ్రిటనీ యను సీమ కలదు. అచ్చటివారి భాష బ్రెటన్. పూర్వము బడిలో ఆ భాష పలికిన పిల్లలను శిక్షించెడివారు. 1934లో జాన్ ఎప్స్టీన్ అను దర్శకుడు ఆ భాషలోనే యొక చిత్రమును తీసెను. అచ్చటివారు చిత్రముతో తృప్తిపడక, 1977 మొదలు దివాన్ అను పాఠశాలలను నెలకొల్పి, బిడ్డలకు బ్రెటన్‌లోనే చదువు చెప్పుచున్నారు.

చిత్రమొక్కటే చాలదనుటకు మన పులివెందుల ప్రాంతముననే నిదర్శనము కలదు. చక్రాయపేట మండలమందలి సురభి గ్రామమున 1885లో తోలుబొమ్మలాడించు కుటుంబములవారు వనారస గోవిందరావుగారి పూనికతో ‘కీచకవధ’ నాటకమాడిరి. 1932లో వెలువడిన తొలి తెలుగు టాకీ ‘భక్తప్రహ్లాద’లో సురభివారు నటించిరి. ఆ చిత్రపు ప్రతి నేడు లభించుటలేదు. నాటకమో, తల్లిదండ్రులు బిడ్డలకు నేర్పుచు వచ్చినందున నేటికిని ఆడబడుచున్నది. 1999లో కె. ఎన్. టి. శాస్త్రిగారు ‘సురభి’ యను డాక్యుమెంటరీ తీయగలిగినది ఆ నాటకము బ్రదికియుండుటచేతనే గదా!

ఇక మన చేల సంగతి. కపిల తోలుట పోయినది. పంపులు వచ్చి ఎద్దుల శ్రమయు, మనుష్యుల శ్రమయు తగ్గినవి, అది మేలే. కాని బాన, మోకు మొదలగు మాటలును, కపిల తోలువాడు వేకువను పాడెడి పాటయు వానితోపాటు తొలగుచున్నవి. ఆ పాట యెఱిగినవారు నేడు వృద్ధులు. వారు పోయిన పిమ్మట ఎంత ధనము వెచ్చించినను అది రాదు.

పెద్దలారా! మీ మనుమని చేతిలోని ఫోనే యిందులకు చాలును. పాడువారి యనుమతి గైకొనుడు. పేరు, ఊరు, తేది చిత్రములోనే చెప్పింపుడు. పనిముట్టును చూపి దాని పేరును మన సీమ పలుకుబడిలోనే చెప్పింపుడు. వ్యాకరణము చదివినవాడనయ్యు చెప్పుచున్నాను, ఆ మాటను గ్రాంథికమునకు దిద్దవలదు. ప్రతులను మూడు నాలుగు తావుల దాచుడు. ఒకటి ఊరిబడి కిండు.

పిదప ఆ పాటను ఒక్క పిల్లవానికైనను నేర్పుడు. చిత్రము సాక్షి, నేర్చిన బిడ్డ వారసుడు. సాక్షి యున్నను వారసుడు లేని యాస్తి నిలువదని మీరెఱుగనిది కాదు.

సెలవు.