గడియారముపై తిరుగుబాటు

కాలమును వెనుకకు త్రిప్పగల యంత్రము మన చేతికి వచ్చినచో ఏమి చేయుదుము? ఈ ప్రశ్న పిల్లలను, పెద్దలను సమానముగా ఊరించుచునే ఉన్నది. కల్పనాసాహిత్యములో దీనికి మరొక మలుపు కూడ కలదు. ఒక అన్యాయమైన ప్రభుత్వము. దానిని ఎదిరించు ఒక రహస్యసంఘము. ఆ సంఘము చేతిలోని ఆయుధము తుపాకి కాదు, కాలమే. ఓడిపోయిన యుద్ధమునకు ముందటి దినమునకు పోయి, జరిగినదానిని జరుగకుండ చేయుట వారి ఎత్తుగడ. ఇట్టి కథలు మనలను ఎందుకు ఆకర్షించుచున్నవో, అవి చెప్పని సంగతి ఏదియో కొంచెము విచారింతము.

కాలమును గూర్చిన కల్పన మనకు క్రొత్త కాదు. భాగవతమున కకుద్మి అను రాజు కూతురు రేవతిని వెంటబెట్టుకొని, ఆమెకు తగిన వరుని గూర్చి అడుగుటకు బ్రహ్మలోకమునకు పోవును. అక్కడ సంగీతము ముగియువరకు క్షణకాలము వేచియుండును. ఆ క్షణములోనే భూలోకమున ఇరువదియేడు మహాయుగములు గడచిపోవును. అతడు మనసులో అనుకొన్న వరులు లేరు, వారి వంశములును లేవు. అంత జరిగినను కాలమును వెనుకకు మరలింపుమని అతడు బ్రహ్మను వేడుకొన్నట్లు కథ చెప్పదు. ఉన్న కాలములో ఉన్న వరునికే, బలరామునికే, కూతురునిచ్చి పెండ్లి చేసినాడు.

పాశ్చాత్యులు ఈ కల్పనను యంత్రమునకు అప్పగించినారు. 1895లో హెచ్. జి. వెల్స్ రచించిన ‘ది టైమ్ మెషీన్’ నవల ఈ దారిలో ప్రసిద్ధమైనది. మన తెలుగున 1991లో వచ్చిన ‘ఆదిత్య 369’ చిత్రములోని యంత్రము, కథానాయకుని ఒకసారి 1526 నాటి కృష్ణదేవరాయల కొలువునకును, మరొకసారి 2504వ సంవత్సరమునకును చేర్చినది.

అయితే మన విషయమునకు దగ్గరగా వచ్చినది ఐజాక్ అసిమోవ్ 1955లో ప్రకటించిన ‘ది ఎండ్ ఆఫ్ ఎటర్నిటీ’. అందులో ఒక సంస్థ శతాబ్దముల వెలుపల నిలిచి, యుద్ధము వచ్చునన్నచోట ఒక చిన్న మార్పు చేసి, మానవులకు కష్టము లేకుండ కాలమును దిద్దుచుండును. దిద్దిన కొలది లోకము క్షేమముగానే ఉండును; కాని సాహసము నశించి, మానవుడు నక్షత్రములను చేరుకొనలేకపోవును. కడకు ఆ సంస్థను రూపుమాపుటకు సుదూర భవిష్యత్తునుండి ఒక స్త్రీ రహస్యముగా వచ్చును. కాలమును దిద్దువారిపైననే తిరుగుబాటు!

ఇక కథలు విడిచి చరిత్రలోనికి పోవుదము. గడియారము ఎవరి చేతిలో ఉండునో అధికారము వారి చేతిలో ఉండునను సంగతి విప్లవకారులకు బాగుగా తెలియును. 1793లో ఫ్రెంచి విప్లవ ప్రభుత్వము పాత పంచాంగమును త్రోసిపుచ్చి, వారమునకు పది దినములు, దినమునకు పది గంటలు అని శాసించినది. ఏడు దినములకొకమారు దొరకు విశ్రాంతి పది దినములకొకమారు అయినది. ఈ పంచాంగము 1806 జనవరి 1న రద్దయినది.

మన విశాఖపట్నమునకును తన గడియారము ఉండెడిది. గోడే వెంకట జగ్గారావుగారు 1840లో ఇక్కడ వేధశాలను నెలకొల్పి, డాల్ఫిన్ నోస్ కొండపై ధ్వజస్తంభమును నిలిపి, జనులకు సరియైన సమయము తెలియజేయు ఏర్పాటు చేసినారు. 1906 జనవరి 1 నుండి దేశమునకంతకును ఒకే ప్రామాణిక కాలము అమలులోనికి వచ్చినది. సూర్యుని లెక్కన చూచినచో విశాఖ నేటికిని ఆ గడియారమునకు సుమారు 3 నిమిషములు ముందున్నది.

రేవులో గడియారము మారినను, పశ్చిమమున మన్యపు కొండలలో కాలమును కొలుచునది వానయే. పోడు వ్యవసాయమునకు చెట్లు కొట్టుటకొక అదను, కాల్చుటకొక అదను, విత్తుటకొక అదను. 1882 నాటి మద్రాసు అటవీచట్టము ఈ అదనులను అడ్డగించినది. పైగా రోడ్డుపనులకు వెట్టి. అనగా ప్రభుత్వము కొండవారినుండి గైకొన్నది అడవిని మాత్రమే కాదు, వారి దినములను కూడ.

ఆ దినములకొరకు అల్లూరి సీతారామరాజు నాయకత్వమున వారు లేచినారు. 1922 ఆగస్టు 22న చింతపల్లి, 23న కృష్ణదేవిపేట, 24న రాజవొమ్మంగి: మూడు దినములలో మూడు పోలీసు ఠాణాలు! ముట్టడికి ముందుగా మిరపకాయ టపా పంపెడివారని మన్యమున నేటికిని చెప్పుకొందురు. ఎదుటివాడు ఎప్పుడు కలవరపడవలెనో నిర్ణయించువాడు కొండవాడైనాడు. వారికి చిక్కిన కాలయంత్రము అదియే.

ఆ యంత్రము వెనుకకు తిరుగలేదు. 1924 మే 7న సీతారామరాజును కొయ్యూరువద్ద కాల్చి చంపినారు. గాము గంటందొర మరుసటి నెలలోనే నేలకొరిగినాడు. కథలోని రహస్యసంఘమైనచో, అదే ఘడియకు మరలిపోయి తుపాకి గురి తప్పించి ఉండును. మన మనసు కూడ అట్లే కోరుకొనును. ఆ కథల ఆకర్షణ అంతయు ఆ కోరికయే.

కాని మరొక లెక్క కూడ కలదు. సీతారామరాజు అనుచరులలో గాము మల్లుదొర పట్టుబడి శిక్ష అనుభవించినాడు. ఆయనయే 1952లో, స్వతంత్రభారతపు మొదటి సాధారణ ఎన్నికలలో, విశాఖపట్నమునుండి లోకసభకు ఎన్నికైనాడు. తిరుగుబాటుదారుడని సంకెలలు వేయించుకొన్నవాడు శాసనములు చేయు సభలో కూర్చున్నాడు. దానికి పట్టినది సుమారు ముప్పది సంవత్సరములు. ఏ ఘడియయు దిద్దబడలేదు, ఏ మరణమును రద్దు కాలేదు. చనిపోయినవారు తిరిగిరాలేదను బాధ ఈ గెలుపులోను మిగిలియే ఉన్నది. ఆ బాధను తుడిచివేయు యంత్రము వారి త్యాగమును కూడ తుడిచివేసెడిది.

కనుక మీ ఇంటిలోని పిల్లలు కాలయంత్రపు కథలు చదువుచున్నచో వారింపవలదు. చదువనిండు, ఊహకు రెక్కలు కావలెను. చదివి ముగించిన పిమ్మట వారికి మల్లుదొర సంగతి కూడ చెప్పుడు. కాలమును వెనుకకు త్రిప్పిన తిరుగుబాటుదారులు పుస్తకములలో ఉన్నారు. దానిని ముందుకు నడిపినవారు మన కొండలలోనే ఉండెడివారు.