నిషేధించిన గొంతుకే చప్పట్లు
(వార్షిక సభలో చేసిన ప్రసంగ పాఠం)



మన కుర్రాళ్లు వినే ర్యాప్ పాటంటే పెద్దలమంతా విసుక్కుంటాం. ఆ పాటతోనే పైకొచ్చిన ఒక ఫ్రెంచి నటుణ్ణి గురించి నాలుగు మాటలు మనవి చేస్తాను.

జోయీస్టార్ అసలు పేరు దిదియే మోర్విల్. 1967లో పారిస్ శివారు సేన్-దెనీలో పుట్టాడు. తల్లిదండ్రులది మార్తినీక్ ద్వీపం. మిత్రుడు కూల్ షెన్‌తో కలిసి 'సుప్రీమ్ ఎన్.టి.ఎం.' బృందం పెట్టి, శివారు బస్తీల కష్టాలను, పోలీసుల దౌర్జన్యాన్ని పాటల్లో ఎండగట్టాడు. 1995లో వేదికపై పోలీసులను దూషించారని, మరుసటి ఏడు కోర్టు ఇద్దరికీ జైలుశిక్ష వేసి, ఆరు నెలలు పాడకూడదంది. దేశమంతా వాదోపవాదాలు! అప్పీలులో శిక్ష తగ్గింది.

అదే మనిషి 2011లో 'పొలిస్' చిత్రంలో పసిపిల్లలను కాపాడే పోలీసుగా నటించాడు! ఆ చిత్రానికి కాన్ ఉత్సవంలో జ్యూరీ బహుమతి లభించింది. 2017లో ఫ్రెంచి చట్టసభల నాటి మహావక్తల ప్రసంగాలను పారిస్ రంగస్థలంపై వినిపించాడు.

అతని బతుకంతా ఆదర్శమని నేననను. స్త్రీపై చెయ్యి చేసుకున్నందుకు శిక్ష కూడా పడింది. అది మెచ్చదగింది కాదు. అయినా ఒక్కటి గమనించండి: కోర్టు నిషేధం ఆ గొంతును మార్చలేదు, మంచి పాత్ర, మంచి మాట దొరికాక జనం చెవులొగ్గి విన్నారు. మన పిల్లల నోరు మూయించేముందు, వాళ్లకు ఏ మాట అందించామో ఆలోచిద్దాం.