వంపు తిరిగిన కంచు కత్తి

న్యూయార్క్‌లోని మెట్రోపాలిటన్ మ్యూజియంలో ఒక కంచు కత్తి ఉంది. పొడవు సుమారు 54 సెంటీమీటర్లు. పిడి దగ్గర తిన్నగా మొదలై, ఆపైన కొడవలిలా వంపు తిరుగుతుంది. అయితే కొడవలికి పదును లోపలి వైపు, దీనికి వెలుపలి అంచున. గొడ్డలి వేటు వేసినట్టు నరకడానికి పనికొచ్చే ఆకారమిది.

దాని మీద క్యూనిఫాం లిపిలో ఒకే శాసనం మూడు చోట్ల ఉంది. అస్సిరియా రాజు మొదటి అదద్ నిరారి తన పేరు, తండ్రి పేరు, తాత పేరు చెక్కించాడు. అలుగుకు రెండు వైపులా, పీఠంపై పడుకున్న జింక బొమ్మ. మూడు వేల ఏళ్లు దాటినా ఆ కత్తి ఎవరిదో మనకు తెలుస్తోందంటే అది ఆ అక్షరాల చలవే. నాకు అన్నిటికన్నా అపురూపంగా తోచేది ఇదే.

ఈజిప్షియన్లు ఇలాంటి కత్తిని ఖోపేష్ అన్నారు. 1922లో బయటపడిన ఈజిప్టు రాజు టుటన్‌ఖామున్ సమాధిలో ఇవి రెండు దొరికాయి. ఒకటి చిన్నది, పిల్లవాడి చేతికి సరిపోయేంత. మెదీనెత్ హాబు ఆలయం గోడల మీదనైతే, అమూన్ దేవుడే ఈజిప్టు రాజు మూడవ రామ్సెస్‌కు ఈ కత్తిని అందిస్తున్నాడు. ఆ తర్వాతి కాలంలో తిన్నని కత్తులు దీని చోటు తీసుకున్నాయి.