పెరుగునకు మూత

వేసవిలో పెరుగు చెడినప్పుడెల్ల మనము ఎండను నిందింతుము. తప్పు పెక్కుమార్లు మన గరిటెది.

మా యింట నొక వేసవిలో పులుసు కలిపిన చెంచాతోనే పెరుగు తీసి, గిన్నెకు మూత పెట్టుట మరచితిమి. మూడవనాటికి పైన బూజు పట్టినది. పెరుగుతోపాటు తోడును పోయినది. పొరుగింటికి గిన్నె పంపవలసి వచ్చినది.

పెరుగులోని సూక్ష్మజీవులు పాలలోని చక్కెరను ఆమ్లముగా మార్చును. 40 డిగ్రీల వెచ్చదనమున అవి చురుకుగా పెరుగును. 5 డిగ్రీలకు దిగువన మందగించునే కాని చావవు. కనుక తోడుకొనినంతనే పెరుగును రిఫ్రిజిరేటరులో నుంచవలెను. తలుపు అరలో కాక లోపలి అరలో నుంచుట మేలు. తలుపు తెరచినప్పుడెల్ల అచ్చట వేడిగాలి తగులును.

అంగడి డబ్బాపై రేకు ఒకసారి చించిన పిమ్మట మరల అతుకదు. పెరుగును బిగుతు మూతగల గాజు సీసాలోనికో, స్టీలు డబ్బాలోనికో మార్చవలెను. మూతను కడిగి, తడియారిన పిదపనే మరల వాడవలెను. కళాయి లేని ఇత్తడి పాత్ర పనికిరాదు. పులుపు తగిలి కిలుము పట్టును.

పైన తేరిన నీటిని కలుపుకొనవచ్చును. బూజు కనబడినచో పైపొర మాత్రము తీసి తినరాదు, అంతయు పారవేయవలెను.

వడ్డనకు ముందే పొడిచెంచాతో మరునాటి తోడు వేరొక చిన్న గిన్నెలోనికి తీసి మూత పెట్టుడు. పెద్దగిన్నె కేమి జరిగినను, మరునాటి పాలు తోడుకొనును.