మూకచిత్రపు నటుడు పైడి జయరాజు



మన తెలుగునాట పుట్టి, బొంబాయి మూకచిత్రములలో పేరు గడించిన పైడి జయరాజుగారిని గూర్చి నాలుగు మాటలు మనవి చేయదలచితిని. తెర మూగగా నున్నంతకాలము నటునకు భాషతో పనిలేదు. ఆ తెరకు నోరు వచ్చిననాడు ఎవరు నిలిచిరి, ఎవరు తొలగిరి, ఏల? ఈ ప్రశ్నకు ఆయన జీవితము మంచి సమాధానము.

జయరాజుగారు 1909 సెప్టెంబరు 28వ తేదీన, నాటి హైదరాబాదు రాజ్యములోని కరీంనగరమున జన్మించిరి. నిజాం కళాశాలలో చదివి, బొంబాయి చేరిరి. 1929లో ‘జగ్‌మగ్తీ జవానీ’ యను మూకచిత్రమున చిన్న వేషము దొరకెను. అనతికాలముననే ‘రసీలీ రాణీ’లో నాయకపాత్ర లభించెను.

ఆనాటి నటునకు దేహదార్ఢ్యము కావలెను. అంతకుమించి కంటితో కథ చెప్పు నేర్పు కావలెను. కెమెరాను చేతితో త్రిప్పెడివారు. నాటి ఫిల్ము ఎరుపును నలుపుగా చూపెడిది; కావున ముఖమునకు దట్టముగా రంగు పూయవలసి యుండెను. సంభాషణలను నడుమ నడుమ తెరపై అక్షరములుగా చూపెడివారు. జపానులోనైతే ‘బెంషీ’లను కథకులు తెరప్రక్క నిలిచి, పాత్రలన్నిటికిని తామే గొంతు నిచ్చెడివారు. ఆ దేశమువాడే యగు సెస్యూ హయకావా 1915లో ‘ది చీట్’ అను అమెరికా మూకచిత్రముతో పడమటి ప్రేక్షకుల మెప్పు గాంచెను. మాట వినబడని తెరపై ఆయన యాస ఎవరికిని అడ్డు కాలేదు.

ఖమ్మము, భద్రాచలముల నడుమ అడవి సరిహద్దున నుండు నాబోటివారికి ఈ సంగతి సులభముగా బోధపడును. ఆ దినములలో ఖమ్మము నిజాము రాజ్యమునను, భద్రాచలము ఆంగ్లేయుల మద్రాసు రాజధానిలోను ఉండెను. ఊళ్లలో తెలుగు, అడవిపల్లెలలో కోయభాష, ఖమ్మము కచేరీలలో ఉర్దూ. సంతకు తేనె తెచ్చిన కోయవారికిని, ఉప్పు అమ్మవచ్చిన వర్తకునకును మాట కలియనిచోట కనుసైగయు చేసైగయు బేరము తీర్చును. మూకచిత్రము దేశమంతటను చేసిన పని యిదియే.

1931 మార్చి 14వ తేదీన బొంబాయిలో ‘ఆలం ఆరా’ వెలువడెను. హిందూస్తానీ మాటల చిత్రములలో అది మొదటిది. దాని నాయకుడు మాస్టర్ విఠల్ మూకచిత్రములలో మేటి. కాని హిందూస్తానీ ఉచ్చారణ ఆయనకు పట్టుబడనందున, ఆ పాత్రకు మాటలు మిక్కిలి తగ్గింపవలసి వచ్చెను. సులోచన యను పేర ప్రసిద్ధురాలైన రూబీ మయర్స్ కొంతకాలము నటన మాని, ఆ భాష నేర్చుకొని మరల తెరకెక్కెను.

జయరాజుగారికి ఈ చిక్కు రాలేదు. హైదరాబాదు రాజ్యమున ఉర్దూ రాజభాష. తెలుగు బిడ్డలకు అది బరువుగా నుండెడిదనుట సత్యమే. 1930లో జోగిపేటలో తొలిసారి సమావేశమైన నిజాం రాష్ట్ర ఆంధ్ర మహాసభ మాతృభాషలో విద్యను కోరుట న్యాయమే. అయినను, ఆ ఉర్దూయే ఈ యువకునకు బొంబాయిలో అన్నము పెట్టినదని నా యభిప్రాయము. 1932లో ‘షికారీ’తో ఆయన మాటల చిత్రములలో ప్రవేశించిరి. పిదప అమర్‌సింగ్ రాథోడ్, పృథ్వీరాజ్ చౌహాన్, టిప్పు సుల్తాన్ వంటి చారిత్రక వీరుల పాత్రలు ధరించిరి. 1945లో దిలీప్‌కుమార్ నటించిన ‘ప్రతిమ’కు దర్శకత్వము వహించిరి. 1980 సంవత్సరపు దాదాసాహెబ్ ఫాల్కే పురస్కారము ఆయనకు లభించెను. 2000 ఆగస్టు 11వ తేదీన స్వర్గస్థులైరి.

మద్రాసున రఘుపతి వెంకయ్యగారును, కుమారుడు ప్రకాశుగారును 1921లో ‘భీష్మప్రతిజ్ఞ’ తీసిన సంగతి మనము గర్వముతో చెప్పుకొందుము. జయరాజుగారి పేరు మాత్రము మన యిండ్లలో అంతగా వినబడదు. ఆయన కీర్తి హిందీ తెరపై నిలుచుటయే ఇందులకు కారణము కావచ్చును.

నేను ముఖ్యముగా చెప్పదలచినది మరియొకటి కలదు. విఠల్‌నకు నటన రాకపోలేదు. అడిగిన భాష రాలేదు. ఆయన కళ నిన్న యెంతో, నేడును అంతే, మారినది పరీక్ష. మా అడవిపల్లెలనుండి కోయభాష మాత్రమే యెరిగి తెలుగు బడిలో అడుగిడు బిడ్డ స్థితియు ఇట్టిదే. ఆ బిడ్డ పలుకకున్న మందబుద్ధి యని ముద్ర వేయుదురు. ఇంటిభాషలో కథ చెప్పుమనినచో ఆ బిడ్డయే గలగల మాటలాడును. కావున ఉపాధ్యాయులు కొన్ని కోయమాటలు నేర్చి, ఆ మాటల వెంట తెలుగును అందించుట మేలు. జయరాజుగారికి రెండవ భాష యొక ద్వారము తెరచెను. మన బిడ్డలకును అది ద్వారమే కావలెను గాని గోడ కారాదు.