మూకీలో ఒక మాటకారి

చెక్ రచయిత యారోస్లావ్ హాషెక్ నవలలోని సైనికుడు ష్వెయ్‌క్‌కు నోటికి తాళం లేదు. అధికారి ఒక్క ప్రశ్న వేస్తే, ఎవరికో ఎప్పుడో జరిగిన కథంతా చెప్పుకొస్తాడు. అలాంటివాణ్ణి మూకీ చిత్రంలో చూపించడమేమిటని ఎవరికైనా అనిపిస్తుంది. 1921లో రంగస్థలం మీద ఆ వేషం కట్టిన కారెల్ నోల్, 1926లో కారెల్ లమాచ్ సినిమాలో అదే పని చేశాడు. వెంటవెంటనే మరో మూడు ష్వెయ్‌క్ చిత్రాలు వచ్చాయి. దర్శకులు మారారు గానీ నోల్ మారలేదు. గుణచిత్ర నటుడి విలువకు ఇంతకన్నా రుజువేం కావాలి?

మాటలు పోతే మిగిలేది వట్టి విదూషకుడేగా అనవచ్చు. పిట్టకథలు పోయిన మాట నిజమే. కానీ ష్వెయ్‌క్ అసలు ఆయుధం వినయం. వాడు వెర్రివాడో, గడుసువాడో పై అధికారికి అంతుబట్టదు. ఆ సందిగ్ధాన్ని మోయాల్సింది ముఖమే. మూకీలో పాత్ర పెదవి కదిపాక తెర మీద అక్షరాల పలక పడుతుంది. మళ్లీ ముఖం కనబడేసరికి ఆ అమాయకపు చూపు చెక్కుచెదరకూడదు. ఇది తేలిక పనేం కాదు. ఆ పని చేసి చూపిన నోల్ 1928లో చనిపోయాడు. చెక్ టాకీలు 1930లో మొదలయ్యాయి. మరుసటి ఏడు ష్వెయ్‌క్ తెర మీద మాట్లాడింది సాషా రషిలోవ్ గొంతుతో.